ధ్వనిని మొదట పట్టుకున్నది ఎవరు? ఒకే ప్రశ్నలో చిక్కుకున్న నాలుగు ప్రశ్నలు

ధ్వనిముద్రణ చరిత్ర మీద ఒక డాక్యుమెంటరీకి వ్యాఖ్యానం రాయడానికి కూర్చున్నప్పుడు, మొదటి వాక్యానికి పెద్దగా ఆలోచించనక్కరలేదు అనుకున్నాను. "శబ్దాన్ని మొట్టమొదట బంధించినవాడు థామస్ ఆల్వా ఎడిసన్, 1877లో." బడిలో అందరం చదువుకున్నదే. రాశాను. ఫ్రెంచివారి వాదన చదివాక కొట్టేసి, "లియోన్ స్కాట్, 1857" అని మార్చాను. మర్నాడు అదీ కొట్టేయవలసి వచ్చింది. కాగితం మీద పేర్లు మారుతున్నాయి గానీ వాక్యం నిలవడం లేదు. చివరికి అర్థమైంది, చిక్కు పేర్లలో లేదు, "రికార్డు" అన్న మాటలో ఉంది.

ఒక మాట, నాలుగు పనులు

గుడిగంట కొట్టి, దాని అంచుకు వేలు ఆనిస్తే సన్నని వణుకు తెలుస్తుంది. ఆ వణుకు చుట్టూ ఉన్న గాలిని నెడుతుంది, లాగుతుంది. గాలి ఒత్తిడిలో పుట్టిన ఆ హెచ్చుతగ్గులు వచ్చి మన కర్ణభేరిని కదిలిస్తే మనకు శబ్దం వినిపిస్తుంది. సెకనుకు ఎన్నిసార్లు వణికిందో దాన్ని బట్టి శ్రుతి, ఎంత బలంగా వణికిందో దాన్ని బట్టి గట్టిదనం. ఎంత పెద్ద మేళమైనా, చెవి దగ్గరికి వచ్చేసరికి కాలంతో పాటు పైకీ కిందికీ కదిలే ఒక్క గీతే. దాన్ని గీయగలిగితే సగం పని అయినట్టే.

మిగతా సగంలోనే ఉంది తగాదా అంతా. గీసిన గీతను మళ్లీ శబ్దంగా మార్చడం వేరే పని. దాన్ని వేల ప్రతులుగా పంచడం మరో పని. అక్కరలేని చోట కోసి, కావలసింది అతికించడం ఇంకొకటి. తాటాకు మీద గంటంతో రాయడం, రాసినదాన్ని పైకి చదవడం, అచ్చు వేయడం, పరిష్కరించడం వేరు వేరు విద్యలని మనకు బాగా తెలుసు. వాటి చరిత్రను ఎవరూ ఒక్క మనిషి పేరు మీద రాయరు. శబ్దం విషయానికి వచ్చేసరికి మాత్రం ఈ నాలుగు పనులనూ ఒకే మాటలో మూటకట్టి, ఆ మూటకు ఒక్క యజమానిని వెతుకుతాం.

మసి కాగితం మీద పాట

ఎడ్వార్-లియోన్ స్కాట్ ద మార్టిన్‌విల్ పారిస్‌లో అచ్చుపని చేసేవాడు, ప్రూఫులు దిద్దేవాడు. ఒక శాస్త్రగ్రంథం ప్రూఫుల్లో చెవి నిర్మాణం బొమ్మ చూసి, కర్ణభేరిలాంటి పొరను తానే తయారుచేస్తే ఎలా ఉంటుందని ఆలోచించాడు. వెడల్పు నోరున్న గరాటు, దాని కొసన బిగించిన పలచని పొర, ఆ పొరకు ఆనిన ఒక పంది వెంట్రుక. ఎదురుగా చేతితో తిప్పే సిలిండరు, దాని చుట్టూ దీపపు మసి పట్టించిన కాగితం. గరాటులోకి పాడితే పొర వణుకుతుంది, వెంట్రుక మసిని చెరుపుతూ తెల్లని అలగీత గీస్తుంది. దీనికి ఫోనాటోగ్రాఫ్ అని పేరు పెట్టి 1857 మార్చి 25న పేటెంటుకు దరఖాస్తు చేశాడు.

మన లేఖకులు ముందు తాటాకును గీసి, తరువాత మసి పూసి అక్షరాన్ని పైకి తెచ్చేవారు. స్కాట్ ముందు మసి పూసి, తరువాత గీశాడు. రెండింటి ఉద్దేశమూ ఒకటే, కంటితో చదవడం. గీతను మళ్లీ వినాలన్న ఆలోచనే స్కాట్‌కు లేదు. మాట తనను తానే రాసుకుంటుంది, అలవాటు పడిన కన్ను ఆ గీతను చదువుతుంది, అంతే ఆయన కోరుకున్నది. ఎడిసన్ యంత్రం వచ్చి లోకమంతా మోగిపోయినప్పుడు ఆయన నొచ్చుకున్నాడు. 1878లో సొంత ఖర్చుతో పుస్తకం అచ్చువేసి తన వాదన చెప్పుకున్నాడు. మరుసటి ఏడే చనిపోయాడు.

కథ అక్కడితో ముగిస్తే డాక్యుమెంటరీ పని సులువయ్యేది. కానీ 2008లో అమెరికా పరిశోధకుల బృందం ఒకటి స్కాట్ కాగితాలను స్కాన్ చేసి, గీతలను కంప్యూటర్‌తో ధ్వనిగా మార్చింది. 1860 ఏప్రిల్ 9 నాటి కాగితం నుంచి ఒక ఫ్రెంచి జానపద గీతపు ముక్క వినిపించింది. అమ్మాయి గొంతులా ఉందన్నారు, స్కాట్ కూతురు కావచ్చని ఊహించారు. పత్రికలూ అదే రాశాయి. మరుసటి ఏడు సవరణ వచ్చింది. అది అమ్మాయి గొంతు కాదు, నెమ్మదిగా సాగదీసి పాడిన మగవాడి గొంతు. బహుశా స్కాట్‌దే.

ఇంత తేడా ఎలా వచ్చిందో చూస్తే ఈ విద్య ఎంత సున్నితమో తెలుస్తుంది. సిలిండరును చేతితో తిప్పేవారు కాబట్టి వేగం ఒక్కతీరుగా ఉండదు. అందుకని స్కాట్ తెలివిగా పాట గీత పక్కనే ఒక శ్రుతిదండం వణుకును కూడా గీయించాడు. అది సెకనుకు ఎన్నిసార్లు వణుకుతుందో తెలిస్తే, ఆ గీతే గడియారం. దండం లెక్క 500 అని రాసి ఉంది. అయితే ఆనాటి ఫ్రెంచి పద్ధతిలో ముందుకు ఒకటి, వెనక్కి ఒకటిగా లెక్కపెట్టేవారు. ఊయల వెళ్లి వస్తే మనం ఒక ఊపు అంటాం, వారికి అది రెండు. కాగితం మీద దండం తాలూకు పూర్తి అలలు 5,000 ఉన్నాయనుకుందాం. సెకనుకు 500 అనుకుంటే పాట 10 సెకన్లు. అసలు లెక్క 250 కాబట్టి 20 సెకన్లు. సగం కాలంలో వినిపిస్తే వేగం రెట్టింపు, శ్రుతి ఒక స్థాయి పైకి. మగవాడి గొంతు పిల్ల గొంతయింది.

ఇక స్కాట్ ధ్వనిని రికార్డు చేసినట్టా, కాదా? చేసినట్టే అనేవారు చూపేది ఆ కాగితాన్నే. శబ్దం అందులో ఉంది కాబట్టే 148 ఏళ్ల తరువాత బయటికి వచ్చింది. కాదనేవారి మాటలోనూ బలముంది. వినిపించే ఉద్దేశమే లేని గీతను ధ్వనిముద్రణ అంటే, భూకంపాన్ని గీసే యంత్రాన్నీ అలాగే అనవలసి వస్తుందని వారి ఆక్షేపణ. నా మొగ్గు మొదటి పక్షం వైపే. చదివేవాడు లేనంత మాత్రాన శాసనం శాసనం కాకుండా పోదు.

ముద్రవేసిన కవరు, తగరపు రేకు

వినిపించాలన్న ఆలోచనకు కూడా ఇద్దరు హక్కుదారులు. శార్ల్ క్రోస్ అనే ఫ్రెంచి కవి, గీతను లోహం మీద గాడిగా చెక్కి, అదే గాడిలో సూదిని నడిపిస్తే శబ్దం తిరిగి వస్తుందని వివరించి, ఆ పత్రాన్ని 1877 ఏప్రిల్‌లో ఫ్రెంచి శాస్త్ర అకాడమీకి ముద్రవేసిన కవరులో అప్పగించాడు. డిసెంబరు మొదటి వారంలో దాన్ని తెరిచి చదివారు. సరిగ్గా అదే వారంలో న్యూయార్క్‌లో ఎడిసన్ తన ఫోనోగ్రాఫ్‌ను ఒక విజ్ఞాన పత్రిక కార్యాలయంలో బల్ల మీద పెట్టి, పిడి తిప్పి మాట్లాడించాడు. క్రోస్‌ది ఆలోచన, ఎడిసన్‌ది పనిచేసిన యంత్రం.

ఎడిసన్ యంత్రంలో మసి లేదు, తగరపు రేకు ఉంది. గొంతుకు పొర వణికినప్పుడల్లా సూది రేకును ఎక్కువగానో తక్కువగానో నొక్కుతుంది. అదే దారిలో సూదిని మళ్లీ నడిపితే, గుంటలు సూదిని ఎత్తి దించుతాయి, సూది పొరను కదుపుతుంది, పొర గాలిని కదుపుతుంది. వచ్చిన దారినే వెనక్కి నడవడం, ఇంత సులువైన ఉపాయం అప్పటిదాకా ఎవరికీ చేతికి చిక్కలేదు. కానీ కొన్నిసార్లు వినిపించేసరికే రేకు నలిగిపోయేది.

నాలాంటి రచయితలు జారిపడే చోట్లు ఇక్కడ రెండున్నాయి. 1877 ఆగస్టు 12 అని తేదీ ఉన్న ఎడిసన్ బొమ్మ ఒకటి తరచూ తెరమీద కనిపిస్తుంది. ఆ తేదీ తరువాతి కాలంలో రాసిందని పరిశోధకులు తేల్చారు. ఇక గొర్రెపిల్ల గురించిన పిల్లల పద్యం ఎడిసన్ గొంతులో వినిపిస్తూ "1877 నాటి తొలి ధ్వని" అని అక్షరాలు వేస్తారే, అది ఆయన 1927లో యాభై ఏళ్ల పండుగకు మళ్లీ చదివినది. అసలు రేకు దక్కలేదు.

నకలు నుంచి అచ్చుకు

1880లలో టెలిఫోను కనిపెట్టిన అలెగ్జాండర్ గ్రాహం బెల్ ప్రయోగశాల మనుషులు రేకు స్థానంలో మైనం తెచ్చారు. శబ్దం మెరుగుపడింది, మన్నిక పెరిగింది. అయినా మైనపు సిలిండరుకు ప్రతులు తీయడం తలనొప్పే. గాయకుడి ముందు కొన్ని యంత్రాలను వరసగా పెట్టి, ఒకే పాటను రోజంతా పాడించేవారు. వంద ప్రతులు కావాలంటే పదేసి యంత్రాలతో పదిసార్లు పాడాలి. పుస్తకం కావలసినప్పుడల్లా లేఖకుడు కూర్చుని రాసిన కాలం లాంటిది ఇది.

ఎమిల్ బెర్లినర్ 1887లో గుండ్రని స్తంభాన్ని వదిలి బల్లపరుపు ప్లేటు పట్టుకున్నాడు. గాడి పైకీ కిందికీ కాకుండా అటూ ఇటూ ఊగుతుంది. ప్లేటు బల్లపరుపుగా ఉంటే దాని నుంచి లోహపు తిరగేసిన అచ్చు తీయవచ్చు. బెల్లం దిమ్మలు తీసినట్టు ఆ అచ్చుతో వేల ప్లేట్లు ఒత్తవచ్చు. గ్రామఫోను గెలిచింది ఇక్కడే. నాణ్యతలో సిలిండరు చాలా ఏళ్లు దీటుగానే నిలిచింది. సిలిండర్లకూ తరువాత అచ్చులు వచ్చాయి, కానీ దొంతరగా పేర్చడానికీ చుట్టి పంపడానికీ ప్లేటే అనువు.

ఆ ప్లేటుకు ముడిసరుకు మన దగ్గరిదే. మోదుగ, రేగు లాంటి చెట్ల కొమ్మల మీద లక్కపురుగులు కట్టే గూడు నుంచి తీసిన లక్కను రాతిపొడితో కలిపి, నిమిషానికి 78 చుట్లు తిరిగే ప్లేట్లు చేసేవారు. లోకానికి లక్క సరఫరాలో సింహభాగం భారతదేశానిదే. రెండో ప్రపంచయుద్ధంలో లక్క దొరకడం కష్టమయ్యాకనే అమెరికా తన సైనికులకు వినైల్ అనే ప్లాస్టిక్ ప్లేట్లు పంపడం మొదలుపెట్టింది.

రాతిపొడి కలిపింది గట్టిదనానికే అనుకుంటాం. ఇంకో కారణం కూడా ఉంది. బరువైన సౌండుబాక్సు (ముల్లును పట్టి ఉంచే భాగం) కింద ఉక్కు ముల్లు మొదటి కొన్ని చుట్లలో ఆ గరుకుకు అరిగి, గాడి ఆకారానికి ఒదిగేది. అందుకే ప్రతి పక్కకూ ముల్లు మార్చమనేవారు. మార్చకుండా పిసినారితనం చేస్తే ముల్లు గాడిని తినేసేది. "అరిగిపోయిన రికార్డులా" అన్న మాట మనకు అలా దక్కింది. నిజానికి అరిగిన ప్లేటు ఎక్కువగా చేసేది గరగరలాడడం. ఒకే ముక్కను పదేపదే పాడిందంటే గాడి గోడ దెబ్బతిని ముల్లు పక్క గాడిలోకి జారుతోందని అర్థం. జాతీయానికి ఆ సాంకేతిక వివరం అక్కరలేదు లెండి.

1902 నవంబరులో గ్రామఫోన్ కంపెనీ తరఫున ఫ్రెడ్ గైస్‌బర్గ్ కలకత్తాలో గాయని గౌహర్ జాన్ గొంతును పట్టుకున్నాడు. పాట చివర ఆమె తన పేరును ఇంగ్లీషులో చెప్పుకోవడం వినిపిస్తుంది. మూల ముద్రణలు జర్మనీలోని హనోవర్ వెళ్లి అక్కడ ప్లేట్లుగా ఒత్తబడేవి, ఏ ప్లేటు ఎవరిదో అక్కడి పనివారికి తెలియడానికే అలా చెప్పించేవారని సాధారణంగా చెప్పే కారణం. 1908లో కలకత్తాలోనే ఫ్యాక్టరీ వచ్చింది.

యంత్రం పాటను మార్చిన తీరుకు ఒక చిన్న లెక్క. ప్లేటు నిమిషానికి 78 చుట్లు తిరుగుతుంది. 10 అంగుళాల ప్లేటు మీద గాడి సగటు చుట్టు అరమీటరు పైచిలుకు. మూడు నిమిషాలకు 234 చుట్లు, అంటే సుమారు 125 మీటర్ల గాడి. అక్కడితో చోటు అయిపోతుంది. గంటసేపు విస్తరించే రాగం మూడు నిమిషాల్లో ముగియాలి. రంగస్థలం మీద "వన్స్ మోర్" కేకల మధ్య సాగదీసిన మన నాటక పద్యం కూడా ప్లేటుకు ఎక్కాలంటే ఆలాపన కత్తిరించుకోక తప్పలేదు. ఇది నష్టమని వాదించే సంగీతజ్ఞులున్నారు. మూడు నిమిషాల్లో రాగస్వరూపం చూపగలగడమే ఒక కొత్త కళ అయిందని మెచ్చుకునేవారూ ఉన్నారు. పాత ప్లేట్లు విన్నప్పుడు రెండూ నిజమే అనిపిస్తుంది.

మైకు, టేపు, కత్తెర

1925 దాకా ముద్రణంతా గాలి బలంతోనే జరిగింది. గాయకులు బూరలోకి తల దూర్చి గట్టిగా పాడేవారు, పై స్థాయికి వెళ్లినప్పుడు వెనక్కి జరిగేవారు. ఫిడేలు శబ్దం చాలక దానికీ ఒక లోహపు బూర తగిలించారు. ఆ ఏడు మైక్రోఫోను, విద్యుత్ యాంప్లిఫయరు వచ్చాక గుసగుస కూడా గాడికెక్కింది. అప్పుడు కూడా కొందరు శ్రోతలు ఈ కొత్త శబ్దం కర్కశంగా ఉందని, పాతదే బాగుందని ఫిర్యాదు చేశారు. ఈ ఫిర్యాదును గుర్తుపెట్టుకోండి, మళ్లీ వస్తుంది.

డెన్మార్క్‌కు చెందిన వాల్డెమార్ పౌల్సెన్ 1898లోనే ఉక్కు తీగ మీద అయస్కాంతంతో గొంతును పట్టాడు. జర్మనీలో ఫ్రిట్జ్ ఫ్లోయిమర్ 1928లో తీగకు బదులు కాగితపు పట్టీకి ఇనుపపొడి పూశాడు. యుద్ధకాలంలో జర్మన్ రేడియో అర్ధరాత్రి వేళ కూడా గరగర లేకుండా వాద్యబృందాలను వినిపిస్తుంటే, జాక్ మల్లిన్ అనే అమెరికా సైనికాధికారికి అనుమానం వచ్చింది. ఆ వేళప్పుడు అంతమంది కూర్చుని వాయిస్తున్నారా? యుద్ధం ముగిశాక అక్కడి టేపు యంత్రాలు చూసి, రెండింటిని విడగొట్టి ఇంటికి పంపించుకున్నాడు. 1947 నుంచి అమెరికా గాయకుడు బింగ్ క్రాస్బీ రేడియో కార్యక్రమాలు టేపు మీదికి మారాయి.

ప్లేటులో తప్పు దొర్లితే మళ్లీ మొదటి నుంచి పాడాలి. టేపును బ్లేడుతో కోసి, నచ్చిన ముక్కతో అతికించవచ్చు. అప్పటిదాకా రికార్డు అంటే ఒకచోట, ఒకసారి జరిగినదాని సాక్ష్యం. టేపు తరువాత ఎన్నడూ ఒకేసారి జరగని పాట కూడా రికార్డు కావడం మొదలైంది. నాలుగో పని పుట్టింది ఈ బ్లేడుతోనే.

అంకెల్లోకి పాట

సీడీ 1982లో వచ్చింది. అది గీతను గీయదు, కొలుస్తుంది. సెకనుకు 44,100 సార్లు గీత ఎత్తును కొలిచి, ప్రతి కొలతనూ 65,536 మెట్లలో ఒకదానికి సరిచేసి అంకెగా రాస్తుంది. మన చెవి సెకనుకు 20,000 వణుకులను మించి వినలేదు. ప్రతి వణుకుకూ కనీసం రెండు కొలతలు ఉంటే దాన్ని పూర్తిగా తిరిగి నిర్మించవచ్చన్నది గణితం. కాబట్టి 40,000, ఆపైన కొంచెం వెసులుబాటు. మరి ఆ 100 ఎందుకు? తొలిరోజుల్లో ఈ అంకెలను వీడియో టేపు మీద దాచేవారు. తెరమీద 245 గీతలు, గీతకు 3 కొలతలు, సెకనుకు 60 తెరలు, గుణిస్తే 44,100.

రెండు చానళ్లతో మూడు నిమిషాల పాటకు సుమారు 3 కోట్ల 17 లక్షల బైట్లు. అదే పాట సాధారణ ఎంపీ3లో 29 లక్షల లోపే, పదకొండో వంతు. మిగతాదంతా ఏమైంది? డప్పు మోగుతున్నప్పుడు పక్కవాడి గొణుగుడు వినిపించదు. అలా చెవికి ఎలాగూ అందని భాగాన్ని లెక్కగట్టి ఎంపీ3 వదిలేస్తుంది. ఒకసారి వదిలింది తిరిగి రాదు.

ప్లేటు మేలా, సీడీ మేలా?

అమెరికాలో 2022లో వినైల్ ప్లేట్లు 4 కోట్ల 10 లక్షలు, సీడీలు 3 కోట్ల 30 లక్షలు అమ్ముడయ్యాయి. 1987 తరువాత ప్లేటు సీడీని దాటడం అదే మొదలు. దానితో పాటే పాత ఫిర్యాదు తిరిగి వచ్చింది, అంకెల శబ్దంలో జీవం లేదని.

ఈ పక్షం చెప్పే కారణాల్లో ఒకటి మాత్రం పొరపాటు. అంకెల గీత మెట్లుమెట్లుగా ఉంటుందని, మెట్ల మధ్య శబ్దం పోతుందని అంటారు. కొలతలు విడివిడిగా ఉన్నా, వినిపించేటప్పుడు బయటికి వచ్చేది నునుపైన అలే. ఇక ప్లేటుకు ఉన్న పరిమితులు కొలిచి చూపగలిగినవి. ఎల్పీ అనే పెద్ద వినైల్ ప్లేటు బయటి అంచున గాడి ముల్లు కింద సెకనుకు సుమారు 51 సెంటీమీటర్లు పరుగెడుతుంది, లోపలి అంచున 21 మాత్రమే. సెకనుకు 10,000 వణుకుల సన్నని శబ్దానికి బయట ఒక్కో అలకు 0.051 మిల్లీమీటర్ల చోటుంటే, లోపల 0.021. అందుకే పక్క చివరి పాటలో మెరుపు తగ్గుతుంది.

అయినా ప్లేటు పక్షాన్ని కొట్టిపారేయలేం. సీడీలు పెరిగాక, పాట మిగతావాటికన్నా గట్టిగా వినిపించాలన్న పోటీలో మెత్తని భాగాలను కూడా ఉబ్బించడం మామూలైంది. ప్లేటు మీద అంత ఉబ్బిస్తే గాడి భరించలేదు కాబట్టి దానికి వేరుగా, నిదానంగా సిద్ధం చేసిన ప్రతి వాడేవారు. శ్రోతకు నచ్చింది చాలాసార్లు ఆ నిదానమే. 2022లోనే అమెరికాలో పేరున్న ఒక సంస్థ, నేరుగా పాత టేపుల నుంచి చెక్కినవని అందరూ నమ్మిన తన ఖరీదైన ప్లేట్ల తయారీలో కొన్నేళ్లుగా అంకెల దశ ఉందని ఒప్పుకుంది. ఆ ప్లేట్లను జీవం ఉట్టిపడుతోందని పొగిడినవారిలో చెవులు కోసుకునే రసికులూ ఉన్నారు.

ముల్లు లేకుండా వినడం

ఇప్పుడు పగిలిన ప్లేటును, ముల్లు తగిలితే చిరిగిపోయే రేకును కూడా వినవచ్చు. అమెరికాలోని బర్క్‌లీ ప్రయోగశాలలో కార్ల్ హేబర్ అనే భౌతికశాస్త్రవేత్త, కణాలను పట్టే పరికరాల కొలతలకు వాడే పద్ధతితో గాడులను సూక్ష్మంగా ఫొటో తీసి, ఆ చిత్రం నుంచి ధ్వనిని లెక్కగట్టాడు. స్కాట్ కాగితం కథలోనూ ఆ ప్రయోగశాల పాత్ర ఉంది. మరోవైపు 1990లలో ఎంతో మంది స్టూడియోవారు నమ్ముకున్న డిజిటల్ ఆడియో టేపు యంత్రాల తయారీని సోనీ 2005లో ఆపేసింది. మసి కాగితానికి కెమెరా చాలు, ఆ టేపుకు మాత్రం అదే జాతి యంత్రం బతికి ఉండాలి.

నా వ్యాఖ్యానంలో మొదటి వాక్యం ఇప్పుడు నాలుగు వాక్యాలైంది. గీసినవాడు స్కాట్, వినిపించినవాడు ఎడిసన్, పంచినవాడు బెర్లినర్, కోసి అతికించింది టేపు. దర్శకుడు పొడవైందని గొణుగుతున్నాడు. అయితే ఆ వాక్యాలకన్నా ముందు ఒక ధ్వని వేయమని అడిగాను. 1878లో సెయింట్ లూయిస్‌లో తగరపు రేకు మీద నొక్కినది, 2012లో బర్క్‌లీలో ఫొటోల నుంచి తీసినది. మొత్తం 78 సెకన్లు. ముందు ఒక చిన్న బాకా. తరువాత ఒక మనిషి గొర్రెపిల్ల పద్యం చదువుతాడు. మరో పద్యం ఎత్తుకుని మధ్యలో తడబడతాడు. యంత్రం తిరుగుతూనే ఉంటుంది, ఆయన నవ్వేస్తాడు.